పదకొండోవాడు

అక్టోబర్ 15, ఆదివారం

31–10. ఓడాం. ఇప్పటికి రెండు గెలుపులు, నాలుగు ఓటములు. ఇంకా ఐదు మ్యాచ్‌లున్నాయి.

మూడో క్వార్టర్‌లో కోల్, బంతి విసిరి ఆట నడిపే మా క్వార్టర్‌బ్యాక్, కింద పడ్డాడు. మెడ కింది ఎముక విరిగింది. వాడికి ఈ సీజన్ అయిపోయింది. మిగిలిన క్వార్టర్‌బ్యాక్‌లు ఇద్దరు. డ్రూ కెసెల్, ఆఖరి సంవత్సరం. చెప్పింది చేస్తాడు, చెప్పనిది చేయలేడు. ఇసాయా రెంటేరియా, మొదటి సంవత్సరం. చెప్పనిది కూడా చేస్తాడు.

ఈ నోట్‌బుక్ ముందు భాగంలో ఫుట్‌బాల్ ప్రాక్టీసు ప్లాన్లున్నాయి. ఇది వెనకవైపు నుంచి రాస్తున్నాను. మీటింగ్ ఆరింటికి. ఐదుంపావుకే వచ్చి పార్కింగ్‌లో కారులో కూర్చుంటాను. ఈ ముప్పావుగంట ఎవరికీ చెందదు.

అక్టోబర్ 17

మార్సీ వోగెల్ పిలిచింది. క్రీడల డైరెక్టర్‌గా ఆమెకిది రెండో ఏడాది. నా కాంట్రాక్టుకి ఇది ఆఖరి ఏడాది.

"డెల్ గారూ, సీజన్ మొత్తానికి ఐదు గెలవండి. ఐదుంటే మీ తరఫున నేను వాదించగలను. నాలుగైతే నా దగ్గర మాటల్లేవు."

"మాటలు లేవని చెప్పడానికే చాలా మాటలు వాడారు," అన్నాను.

నవ్వలేదు.

ముప్పై మూడేళ్ళు. తొమ్మిది కాలేజీలు, తొమ్మిది ఊళ్ళు. ఇరవై ఆరేళ్ళు ఎవరో ఒకరి కింద అసిస్టెంటుగా చేశాను. నన్నెవరూ తీసేయలేదు. నన్ను తెచ్చుకున్నవాణ్ణి తీసేసినప్పుడల్లా సామాన్లు సర్దుకున్నాను. ఇక్కడ ఏడేళ్ళుగా హెడ్ కోచ్‌ని. ఇప్పుడు నా వెనక సర్దుకోవాల్సిన అసిస్టెంట్లు ఏడుగురు.

అక్టోబర్ 22, ఆదివారం

డ్రూ ఆడాడు. 20–3, ఓటమి. రెండు, ఐదు.

మిగిలిన నాలుగింటిలో మూడు గెలవాలి.

అక్టోబర్ 23

మీటింగ్‌లో బెన్నీ టఫోయా బల్ల మీద చెయ్యి కొట్టాడు. అసిస్టెంటు కోచ్, డిఫెన్సు వాడిది. పద్నాలుగేళ్ళుగా నాతో ఉన్నాడు, మూడు ఊళ్ళు మారాడు, ముగ్గురు పిల్లలు.

"ఒరే డెల్, ఆ ఇసాయాని ఫ్రిజ్‌లో దాచి ఎవరికి వడ్డిస్తావురా? వచ్చే ఏడు వచ్చే కోచ్‌కా?"

"నాలుగు మ్యాచ్‌లు దాటితే వాడి ఏడాది పోతుంది."

"నాలుగు దాటొద్దు. నాలుగు ఆడించు. రూలు అంతేగా! నాలుగు దాకా ఆడినా ఈ ఏడాది వాడి లెక్కలో పడదు, ఐదోది ఆడితే పడుతుంది. ఇప్పటికి ఒకటే ఆడాడు, సెప్టెంబర్ 9న. ఇంకా మూడున్నాయి చేతిలో."

ఏ మ్యాచ్‌లో ఎవరు దిగారో రాసే షీటు చూశాను. షీటులో ఒకటే ఉంది.

పోయిన జనవరిలో గార్డెన్ సిటీలో వాళ్ళింటికి వెళ్ళాను. ఆటగాడి ఇంటికి వెళ్ళినప్పుడు నా పద్ధతులు రెండే. పెట్టింది తినాలి, అడిగి మళ్ళీ పెట్టించుకోవాలి. మాట ఇచ్చేది తల్లికివ్వాలి. తండ్రులు మర్చిపోతారు. ఆ ఇంట్లో తండ్రి లేడు. లూపె రెంటేరియా మాంసం ఫ్యాక్టరీలో రాత్రి షిఫ్టు. మొక్కజొన్న పిండితో చేసిన తమాలెలు పెట్టింది. ఐదు తిన్నాను.

"కోచ్ గారూ, నా కొడుకు చదువులో నిదానం. మొద్దు కాదు, నిదానం. నాలుగేళ్ళలో వాడి డిగ్రీ అవదు. ఐదేళ్ళు కావాలి. మీ కాలేజీ చదివించేది వాడు ఆడినన్నాళ్ళే కదా?"

"అవునమ్మా. ఆడనిచ్చేది నాలుగేళ్ళే, కానీ మొదటి ఏడు వాణ్ణి లెక్కలోకి రానివ్వను. ఐదేళ్ళూ చదువుతాడు."

"రాసివ్వగలరా?"

"మాటిస్తాను."

ఆమె నా చేతి వంక చూసింది. చెయ్యి బల్ల మీద పెట్టాను.

అక్టోబర్ 29, ఆదివారం

గెలిచాం. 27–24. ఇసాయా ఆడాడు. మూడు, ఐదు. ఆఖరి రెండు నిమిషాల్లో తొంభై గజాలు తీసుకెళ్ళాడు. నేను చెప్పిన ఆటలు నాలుగు, వాడు మార్చినవి మూడు. మారిస్తే మార్చాడు.

వచ్చే వారం ఆడబోయే టీమ్ మనల్ని ఎలా చూస్తుందో తెలుసుకుందామని పాత ఫిల్మ్‌లన్నీ వేశాను. మన ఫిల్మ్ వాళ్ళకిస్తాం, వాళ్ళది మనం తెచ్చుకుంటాం. అందుకే అప్పుడప్పుడు మనల్ని మనమే శత్రువు కళ్ళతో చూసుకోవాలి. సెప్టెంబర్ 23, వర్షంలో ఆడిన మ్యాచ్. రెండో క్వార్టర్ చివర అవతలివాళ్ళు బంతిని గోల్ మీదుగా తన్నడానికి సిద్ధపడ్డారు. అడ్డుకోవాల్సిన మనవాళ్ళు మైదానంలో పదిమందే ఉన్నారు. పదకొండు ఉండాలి. అప్పుడు చిత్రం కుడి అంచు నుంచి ఒకడు పరిగెత్తుకొచ్చాడు. 14వ నంబరు. ఇసాయా.

పరిగెత్తాడు, బురదలో జారాడు, ముఖం కింద పెట్టి పడ్డాడు. ఎవర్నీ తాకలేదు. అవతలివాడి బంతి గోల్ దాటింది. అయిదు సెకన్లు.

షీటులో అది లేదు. వర్షంలో రాసేవాడు చూసుండడు.

ఎలా వచ్చాడో ఫిల్మ్‌లో లేదు. కెమెరా పైన ఉంటుంది, గీత లోపలే చూపిస్తుంది.

అక్టోబర్ 30

అయిదు సెకన్ల ఒక్క ఆటకి దిగినా మ్యాచ్ ఆడినట్టే. రూలు పుస్తకం చూశాను. చూడక్కర్లేదు, నాకు తెలుసు.

అక్టోబర్ 31

అంటే రెండు కాదు, మూడు. శనివారం ఆడితే నాలుగు. శనివారానికి ఇబ్బంది లేదు.

నవంబర్ 5, ఆదివారం

గెలిచాం. 17–13. నాలుగు, ఐదు.

మా ఆవిడ జోయాన్ రాత్రి భోజనానికి బెన్నీ కుటుంబాన్ని పిలిచింది. బెన్నీ మూడోది, ఆరేళ్ళ పిల్ల, నన్ను అడిగింది: "మనం ఇక్కడే ఉంటామా తాతా?" నేను తాతనెప్పుడయ్యానో తెలియదు. "మీ నాన్ననడుగు," అన్నాను. "నాన్న నిన్నడగమన్నాడు," అంది.

నవంబర్ 6

ప్లాన్: 11న డ్రూ ఆడతాడు. అది మనం ఎలాగూ గెలవలేని మ్యాచ్. 18న, ఆఖరిది, సొంత మైదానంలో ఇసాయా. షీటు ప్రకారం అది వాడికి నాలుగోది.

షీటు ప్రకారం.

నవంబర్ 12, ఆదివారం

38–7. నాలుగు, ఆరు. అనుకున్నదే.

ఇక ఒక్కటే.

నవంబర్ 14

బెన్నీకి చెప్పాను. ఫిల్మ్ వేసి చూపించాను. మూడుసార్లు వెనక్కి తిప్పి చూశాడు.

"వీడేంటి, పిలవని పేరంటానికి వచ్చినట్టు దిగాడు?"

"వచ్చాడు."

"ఎవరైనా పంపారా?"

"గందరగోళం. వర్షం. కుర్రాడు కంగారుపడి ఉంటాడు."

"సరే. ఇది ఎవరు చూశారు?"

"నువ్వు, నేను."

"అయితే ఎవరూ చూడలేదు." రిమోట్ నా ఒళ్ళో పెట్టాడు. "డెల్, విను. వాడు కాగితం మీద ఏడాది పోగొట్టుకోడు. మనం ఉద్యోగాలు పోగొట్టుకోం. ఎవరికి నష్టం చెప్పు?"

"నాలుగేళ్ళ తర్వాత ఎవడైనా లెక్కేస్తే? వాడి ఐదో ఏడు మధ్యలో ఆపేస్తారు. డిగ్రీ చేతికొచ్చే ముందు."

"నాలుగేళ్ళ తర్వాత సెప్టెంబర్ వర్షాన్ని ఎవడు లెక్కేస్తాడురా? నా కూతురు వచ్చే సెప్టెంబర్లో ఏ బళ్ళో ఉంటుందో చెప్పు ముందు."

ఫిల్మ్ ఆపేశాను. వాడు తలుపు వేయకుండా వెళ్ళిపోయాడు.

నవంబర్ 15

ప్రాక్టీసు బాగా జరిగింది. ఇసాయా ముప్పై విసిరితే ఇరవై ఆరు అందాయి. గాలి ఉత్తరం నుంచి.

ఇంట్లో గరాజ్‌లో ఫ్రీజర్ వెనక మడిచి పెట్టిన అట్టపెట్టెలు గోడకి ఆనించి ఉన్నాయి. తడి పట్టాయని ఆరబెట్టానంది జోయాన్. పొడిగానే ఉన్నాయి.

నవంబర్ 16, గురువారం

పొద్దున్నే లూపె ఫోన్. షిఫ్టు దిగి నేరుగా చేసింది.

"కోచ్ గారూ, శనివారం వస్తున్నా. సెలవు దొరికింది. ఆరు గంటల దారి అయితే ఏం. ముందు వరస టిక్కెట్ కొన్నా, సెప్టెంబర్లోలాగా."

"సెప్టెంబర్లో వచ్చారా?"

"రాకపోవడమేంటి! ఆ వానలో నానిపోయా కదా. మీ బెంచీ వెనకే కూర్చున్నా. మావాడు ఒక్క ఆటకి దిగలా? వెంటనే పడ్డాడనుకోండి, వెధవ. అయినా ఫోటో తీశా. ఫోన్‌లో అదే పెట్టుకున్నా. ఫ్యాక్టరీలో అందరికీ చూపిస్తా."

"మంచిదమ్మా," అన్నాను.

"వాణ్ణి లెక్కలోకి రానివ్వనన్నారు, గుర్తుందిగా? శనివారంతో నాలుగేనంట. వాడు చెప్పాడు. నేను వేళ్ళ మీద లెక్కేస్తే మాత్రం ఐదొస్తున్నాయి. ఆ వానది లెక్క కాదా?"

కనుక్కుంటానన్నాను.

తొమ్మిదింటికి ఓరిన్ స్టబ్బీ దగ్గరికి వెళ్ళాను. కాలేజీలో రూళ్ళ వ్యవహారాలు చూసేది ఆయనే. డెబ్బై ఏళ్ళు, పెన్సిల్ చెవి మీద ఉంటుంది. సెప్టెంబర్ 23 షీటు సరిదిద్దాలన్నాను.

"రెండు నెలల తర్వాత గుర్తొచ్చిందా?"

"ఫిల్మ్‌లో కనిపించింది."

"ఎప్పుడు?"

"ఈ మధ్య."

దిద్దుబాటు ఫారం ఇచ్చాడు. ఆటగాడి పేరు, నంబరు, తేదీ. చివరి గడి: 'కారణం'. కోచ్ ఆదేశం లేకుండా ఆటగాడు మైదానంలోకి ప్రవేశించాడు అని రాశాను. స్టబ్బీ చదివి స్టాంపు వేశాడు.

ఫోటో వల్ల కాదు. మాటిచ్చాను కాబట్టి.

మధ్యాహ్నం టీమ్‌కి చెప్పాను. "సెప్టెంబర్లో ఇసాయా పొరపాటున ఒక ఆటకి లోపలికి పరిగెత్తాడు. అది లెక్కలోకొస్తుంది. శనివారం వాడు ఆడితే ఏడాది పోతుంది. డ్రూ ఆడతాడు."

ఇసాయా నా వంక చూశాడు. చాలాసేపు. తర్వాత నా ఆఫీసుకొచ్చాడు.

"కోచ్, ఏడాది పోతే పోనివ్వండి. నేను ఆడతాను."

"మీ అమ్మకి మాటిచ్చాను."

"మా అమ్మకి నేను చెప్పుకుంటాను. వాళ్ళంతా నన్ను..." ఆగాడు. "పరిగెత్తింది నేనే అంటున్నారు."

"పరిగెత్తింది నువ్వే కదా."

తలుపు దగ్గర ఒక్క క్షణం నిలబడి, "అవును సర్," అన్నాడు.

మంచి కుర్రాడు. అర్థం చేసుకున్నాడు.

నవంబర్ 18, శనివారం

16–14.

వాళ్ళు పదహారు.

డ్రూ తప్పు లేదు. చెప్పింది చేశాడు.

నవంబర్ 19

మార్సీ ఆరు నిమిషాలు మాట్లాడింది. కృతజ్ఞత మూడుసార్లు, గౌరవం రెండుసార్లు. తాళాలు బల్ల మీద పెట్టాను. తొమ్మిది తాళాలు. రెండు దేనివో నాకే తెలియదు.

ఏడుగురికీ నేనే ఫోన్ చేశాను. బెన్నీకి చివర్లో చేశాను.

"ఆ పిల్లవెధవ ఒక్క ఐదు సెకన్లు నోరు మూసుకుని నిలబడుంటే," అన్నాడు, "మనమంతా ఇక్కడుండేవాళ్ళం."

అవునన్నాను.

నవంబర్ 22

ఏమీ లేదు.

నవంబర్ 23, గురువారం

థాంక్స్‌గివింగ్ పండగ, టర్కీ కోడి. జోయాన్, నేను. పిల్లలిద్దరూ ఫోన్ చేశారు. ఇద్దరూ ఒకే మాట అడిగారు: ఇప్పుడు ఏ ఊరు?

నవంబర్ 27, సోమవారం

లూపె ఫోన్.

"ఇసాయా ఇంటికొచ్చేశాడు కోచ్ గారూ. పండక్కి వచ్చాడు, ఇక తిరిగి వెళ్ళనంటున్నాడు. వచ్చే వారం నుంచి ఫ్యాక్టరీలో చేరతాడంట. అడిగితే చెప్పడు. వాడి గదిలో ఉన్న కుర్రాణ్ణి అడిగితే చెప్పాడు. లాకర్ మీద ఏదో రాశారంట. 'పిలవకుండానే వస్తాడు' అని. తిండి దగ్గర కూర్చుంటే లేచిపోతున్నారంట. మిమ్మల్ని తీసేసింది కూడా వాడి వల్లేనంట కదా?"

"అది కాదమ్మా."

"నాకు అర్థం కాక అడుగుతున్నా. వాడు తనంతట తనే పరిగెత్తాడని అందరూ ఎందుకంటున్నారు? మీరే కదా పంపారు? నేను వెనకే ఉన్నా. మీరు వేళ్ళు పెట్టి లెక్కపెట్టారు, అటూ ఇటూ చూశారు, వీణ్ణి వీపు మీద చెయ్యేసి పంపారు. నాకెంత సంతోషమేసిందో! అంతమందిలో మావాణ్ణే ఎంచుకున్నారని."

ఫోన్ ఇంకో చెవికి మార్చుకున్నాను.

"కోచ్ గారూ? ఉన్నారా?"

"ఉన్నాను."

"ఫోటో పంపుతున్నా చూడండి."

చూశాను. వాన చారలు. ఇసాయా ముఖం కనపడదు, హెల్మెట్ కిందికి వంగి ఉంది. 14 సగం. ఒక పాదం గీత మీద, ఇంకొకటి గాలిలో. ఎడమ అంచున ఒక చెయ్యి, వాడి వీపు మీద, అయిదు వేళ్ళూ విప్పి. మణికట్టు మీద గడియారం. జోయాన్ నా యాభయ్యో పుట్టినరోజుకి కొన్న గడియారం.

సిగ్నల్స్ ఇవ్వడానికి వాడు నా పక్కనే నిలబడి ఉన్నాడు. పదిమందే ఉన్నారని నేను లెక్కపెట్టాను. దగ్గరున్నది వాడు. తోశాను. ఎవరినని చూసుకోలేదు, దగ్గరున్నవాణ్ణి తోశాను. ముప్పై మూడేళ్ళుగా అలా తోస్తూనే ఉన్నాను.

ఇది నాకు ఫిల్మ్ చూడకముందే తెలుసు. అక్టోబర్ 23న షీటు చూసినప్పుడే తెలుసు.

నవంబర్ 28

స్టబ్బీ దగ్గరికి వెళ్ళాను. నేనిప్పుడు ఇక్కడ ఉద్యోగిని కాను. అయినా తలుపు తెరిచాడు.

"ఆ ఫారంలో చివరి గడి మార్చాలి."

"ఆమోదం అయిపోయిందయ్యా. ఫైలు మూసేశాం. నువ్వు పంపినా వాడు పరిగెత్తినా లెక్క ఒకటే. నాలుగు మ్యాచ్‌లు."

"లెక్క గురించి కాదు."

చెవి మీద నుంచి పెన్సిల్ తీశాడు, మళ్ళీ పెట్టుకున్నాడు, సొరుగులోంచి పెన్ను తీసిచ్చాడు. పాత వాక్యం మీద గీత కొట్టి, కింద రాశాను: హెడ్ కోచ్ తోసి పంపాడు. సంతకం, తేదీ.

"ఇది ఎవరూ చదవరు," అన్నాడు.

"తెలుసు. ఒక కాపీ ఇవ్వండి."

డిసెంబర్ 3, ఆదివారం

టీమ్ విందు. తీసేసిన కోచ్ ఈ విందుకి రాకపోవడం మర్యాద. నేను రెండు ఊళ్ళలో ఖాళీ కుర్చీలు చూశాను. వెళ్ళాను. బెన్నీ వాళ్ళ బల్ల దగ్గర నవ్వు ఆగిపోయింది. మార్సీ లేచి నిలబడింది.

"రెండు నిమిషాలు," అన్నాను. ఇచ్చింది.

ఫోన్‌లో ఉన్న ఫోటోని గోడ మీది తెర మీద వేయించాను. తొంభై మంది. ఫోర్కులు ఆగాయి.

"ఆ చెయ్యి నాది. మీకు వేరే చెప్పాను. వాడు విన్నాడు, నోరు మెదపలేదు. వాడు చెప్పుంటే మీరు నమ్మేవాళ్ళు కాదు, నేను కోచ్‌ని."

వెనకనుంచి డ్రూ లేచాడు.

"కోచ్, వాడి లాకర్ మీద రాసింది నేను."

"చెరిపెయ్యి."

"చెరిపితే పోవట్లేదు. మార్కర్."

ఎవడో ఫక్కున నవ్వాడు, తర్వాత ఆపుకున్నాడు. "తలుపు మార్పించు," అన్నాను. కాపీని కెప్టెన్ల బల్ల మీద పెట్టి బయటికొచ్చాను.

బెన్నీ పార్కింగ్ దాకా వెంట వచ్చాడు. సిగరెట్ మానేశాడు కానీ జేబులు వెతుక్కోవడం మానలేదు.

"పద్నాలుగేళ్ళు నీతో ఉన్నాను. నాకు చెప్పలేకపోయావా?"

"లేకపోయాను."

"నేను వాణ్ణి తిట్టాను డెల్. పేరు పెట్టి తిట్టాను." కారు పైకప్పు మీద అరచేత్తో ఒకటి కొట్టాడు. "నువ్వు అవునన్నావు."

లోపలికి వెళ్ళిపోయాడు.

డిసెంబర్ 11

డ్రూ, ఇంకో ఇద్దరు గార్డెన్ సిటీ వెళ్ళారట. ఆరు గంటల దారి. ఫ్యాక్టరీ గేటు దగ్గర నిలబడ్డారట. ఏం మాట్లాడారో తెలియదు.

డిసెంబర్ 20

ఉద్యోగం. ఓక్లహోమాలో ఒక చిన్న కాలేజీ. క్వార్టర్‌బ్యాక్‌లకి కోచ్, అసిస్టెంటు. హెడ్ కోచ్ ఒకప్పుడు నా దగ్గర ఆడినవాడు. వాడి వయసు ముప్పై ఎనిమిది. నన్ను "సర్" అంటాడు, కొన్నాళ్ళకి మానేస్తాడు. మానెయ్యాలి.

బెన్నీకి నా సంగతి చెబుదామని ఫోన్ చేశాను. ఎత్తలేదు. వాడికి ఒమాహాలో హైస్కూలు పని దొరికిందని జోయాన్‌కి వాళ్ళావిడ చెప్పింది. పిల్లలకి కొత్త బడి.

జోయాన్ పెట్టెలకి టేపు వేస్తోంది. "పదో ఊరు," అంది. కోపం లేదు. అలసట ఉంది. రెండో టేపు నాకిచ్చింది.

జనవరి 8

ఆరింటికి మొదటి మీటింగ్. ఐదుంపావుకి పార్కింగ్. ఇక్కడి మట్టి ఎర్రగా ఉంది.

నిన్న లూపె ఫోన్. ఇసాయా పోయిన వారం కాలేజీకి బస్సెక్కాడట. కొత్త కోచ్ వాడి పేరు సరిగా పలకలేకపోతున్నాడట. ఐదేళ్ళూ చదువుతాడా అని నేనే అడిగాను. "మీరు మాటిచ్చారుగా," అంది, అదేం ప్రశ్నన్నట్టు.

తర్వాత అంది: "ఆ ఫోటో పెద్దది చేయించి హాల్లో పెట్టా కోచ్ గారూ. ఫ్రేము కట్టేవాడు ఆ పక్కనున్న చెయ్యి కత్తిరించేస్తే ఫోటో బాగుంటుందన్నాడు."

"కత్తిరించమనాల్సింది."

"వద్దన్నా. ఆ చెయ్యి లేకపోతే మావాడు ఎందుకు పరిగెడుతున్నాడో చూసేవాళ్ళకి ఎలా తెలుస్తుంది?"